దాలమ్మ అనుపు

సినిమా డబ్బాకి పసుపు రాస్తే ఏమవుతుందో ప్రపంచంలో ఏ కెమెరా కంపెనీవాడూ పుస్తకంలో రాయలేదు. సీతారామరావు మాత్రం కళ్ళారా చూశాడు. తెలుగువాళ్ళ బస్తీ భుయ్యాడీహ్‌లో పోలమ్మ గుడి అరుగు మీద, సరిగ్గా అమ్మవారి పాదాల దగ్గర, తన రీలున్న అల్యూమినియం డబ్బా పెళ్ళికూతురులా కూర్చుని ఉంది. మూత నిండా పసుపు, నడిమధ్య రూపాయంత కుంకుమబొట్టు, చుట్టూ బంతిపూల దండ. అది చాలదన్నట్టు డబ్బాకి ఆనించి అగరొత్తులు కూడా వెలిగించారు మహానుభావులు.

"బాబాయ్! ముందా అగరొత్తులు తియ్యండి! నిప్పురవ్వ పడితే రెండేళ్ళ కష్టం బూడిదైపోతుంది!"

"అమ్మోరి ముందు అగరొత్తులు ఎలిగించకపోతే ఎలా బాబూ?" అన్నాడు అసిరయ్య నింపాదిగా.

"అది అమ్మవారు కాదు, ఫిల్ము!"

"లోపలున్నది అమ్మోరే గదా. నువ్వే గదా ఎట్టేవు" అన్నాడాయన, ఇంకో అగరొత్తి వెలిగిస్తూ.

అసిరయ్య బస్తీకి పెద్ద. ఉక్కు ఫ్యాక్టరీలో ఫర్నేసు దగ్గర పనిచేసి రిటైరయ్యాడు. సీతారామరావు తండ్రితో ఒకే షిఫ్టు, ఇద్దరూ పాలకొండ వైపు నుంచి ఒకే రైల్లో టాటాకి వచ్చినవాళ్ళు. అందుకని ఆయన్ని కసిరే వీల్లేదు, కాలర్ పట్టుకునే వీలు అసలే లేదు. అరికాలి మంట నెత్తికెక్కినా "బాబాయ్, బాబాయ్" అంటూ బతిమాలుకోవలసిందే.

సోమవారం కలకత్తాలో ఉండాలి ఆ డబ్బా. అదీ అతని బాధ.

అసలు సీతారామరావు చేసే పనేమిటో ఈ ఊళ్ళో ఒక్కడికి అర్థమై ఏడిస్తేగా! డాక్యుమెంటరీలు తీస్తాడు. తీసినవాటిని తనే ప్రొజెక్టరుతో సహా రిక్షా ఎక్కించి స్కూళ్ళకీ, క్లబ్బులకీ, యూనియన్ ఆఫీసులకీ మోసుకెళ్ళి చూపిస్తాడు. ఆదివారాలు సాక్చిలో టైలరు షాపు మీదున్న గదిలో కుర్రాళ్ళకి సినిమా తియ్యడం నేర్పుతాడు. ముగ్గురు చెయ్యాల్సిన పని, గాడిద చాకిరీ. ఎవరైనా "ఏం చేస్తారు మీరు?" అని అడిగితే జవాబు చెప్పేసరికి తల ప్రాణం తోకకొస్తుంది. "సినిమావారా! హీరో ఎవరండీ?" "హీరో లేడండీ." "పోనీ ఫైటుందా?" స్కూలు వాళ్ళయితే వార్షికోత్సవంలో గోనెసంచుల పందెం అయ్యాక, పిల్లలందరూ లేచి ఇంటికి పోతున్నప్పుడు సినిమా వెయ్యమంటారు. ఆదిత్యపూర్‌లో ఒక బోల్టుల ఫ్యాక్టరీ యజమాని, కార్మికుల భద్రత మీద సినిమా తియ్యమని పిలిచి, ప్రతి షాటులోనూ తను కనిపించాలన్నాడు. కనిపించాడు కూడా, అన్నిట్లోనూ హెల్మెట్ లేకుండా.

ఇన్నేళ్ళకి ఒక మంచి పని చేశాననిపించింది అతనికి. ఎమర్జెన్సీ పోయిన మరుసటేడు బస్తీలో జరిగిన పోలమ్మ పండగని తీశాడు. శ్రీకాకుళం, విజయనగరం నుంచి వచ్చినవాళ్ళు ఊరు వదిలినా అమ్మవారిని వదల్లేదు, సువర్ణరేఖ ఒడ్డునే గుడి కట్టి నిలుపుకున్నారు. ఘటాలు ఎత్తేది దాలమ్మ. మిగతా రోజుల్లో కాంట్రాక్టరు దగ్గర ఇటుకలు మోసే మనిషి. పండగనాడు ఘటం నెత్తికెత్తుకుని, డప్పులు మోగగానే పూనకం వచ్చి, చూపే మారిపోతుంది. ఒళ్ళంతా పసుపునీళ్ళు, జుట్టు విరబోసి ఉంది, కళ్ళు ఎక్కడో ఉన్నాయి. కెమెరా ఆ ముఖం దగ్గరికి వెళ్ళి వెళ్ళి, ఇక వెళ్ళలేక ఆగిపోతుంది. సినిమా అక్కడితో సరి. క్లాసులో ఎప్పుడూ చెప్పే మాటే అది: "శిఖరం మీద ఆపాలి. కొండ దిగే శ్రమ ప్రేక్షకుడికి పెట్టకూడదు."

కలకత్తాలో ఒక పంపిణీ సంస్థ ఉంది. దేశంలో ఫిలిం సొసైటీలకీ, కాలేజీలకీ డాక్యుమెంటరీలు పంపేది వాళ్ళే. ఎన్ని ఉత్తరాలు రాస్తే ఇన్నాళ్ళకి కరుణించి, సోమవారం పట్టుకురండి, చూస్తామన్నారు. వాళ్ళు తీసుకుంటే చాలు, సినిమా తన రిక్షా లేకుండా తనంతట తను దేశం తిరుగుతుంది. కానీ ఉన్నది ఒక్కటే రీలు. నెగటివ్ లేని ఫిల్ము అది, చవగ్గా దొరుకుతుందని కొన్నాడు. కెమెరాలో తిరిగిన ముక్కే ప్రొజెక్టర్లోనూ తిరగాలి. పోతే పోయినట్టే.

అలాంటిదాన్ని పట్టుకుని వారం ముందు శనివారం బస్తీలో ఆట వేశాడు. అదీ తల్లి గౌరీదేవి పోరు పడలేక. "ఆలందర్నీ బొమ్మల్లోకి ఎక్కించేవు, ఆలకి సూపించకుండా కలకత్తా వోలకి సూపిత్తావేటి?" అంది. సరేనని గుడి ముందు తెల్ల దుప్పటి కట్టించి వేశాడు. దాలమ్మ ముఖం దుప్పటి నిండా నిలిచి, సినిమా అయిపోయి, తెల్ల వెలుగు పడింది. ఒక్కరూ లేవలేదు. ఆడవాళ్ళు చేతులు జోడించుకునే ఉన్నారు.

"మిగిల్నది ఎయ్యి బాబూ" అన్నాడు అసిరయ్య.

"మిగిలింది లేదు బాబాయ్. అయిపోయింది."

"ఏటయిపోయింది? అమ్మోరు ఇంకా దాలమ్మ మీదే ఉన్నాది. అనుపేది?"

అనుపంటే సాగనంపడం. పండగ ముగిశాక ఘటాన్ని డప్పులతో నదికి తీసుకెళ్ళి, నీళ్ళలో దింపి, అమ్మవారికి దణ్ణం పెట్టి పంపేస్తారు. అప్పుడుగాని ఘటం ఎత్తినావిడ మళ్ళీ మామూలు మనిషి కాదు. అది లేకుండా పండగ ముగించినవాడు భూమ్మీద లేడు, ఒక్క సీతారామరావు తప్ప.

"అది ఆర్ట్ బాబాయ్" అన్నాడు.

"ఆర్టయితే ఆర్టు. ఆర్టు కోసం అమ్మోర్ని రప్పించేసి, పంపకుండా ఎల్లిపోతావా? అనుపు జరక్కుండా ఆ డబ్బా ఊరి పొలిమేర దాటడానికి ఈల్లేదు."

అలా ఎక్కింది డబ్బా గుడి అరుగు. నెత్తీ నోరూ బాదుకున్నాడు సీతారామరావు. సైన్సు చెప్పాడు, కాంతి చెప్పాడు, రసాయనాలు చెప్పాడు. అందరూ శ్రద్ధగా విని, తలలూపి, డబ్బాకి కొబ్బరికాయ కొట్టారు. ఇంటికొచ్చి తల్లితో మొర పెట్టుకుంటే ఆవిడా అటే.

"ఆలన్నది తప్పేటి? అమ్మోర్ని డబ్బాలో ఎట్టుకుని రైలెక్కితే, దార్లో ఏటన్నా అయితే ఎవులు సెప్తారు సమాధానం?"

"అమ్మా! అది ఫిల్మే! వట్టి ఫిల్మే!"

"ఎందుకలా అరుత్తన్నావు? అరిత్తే వచ్చేత్తాదేటి డబ్బా?"

రాదు. అందుకే అరుస్తున్నాడు.

బుధవారం సాయంత్రం దాలమ్మే వచ్చింది. గుమ్మంలోనే నిలబడింది. ఎప్పుడొచ్చినా "ఒదినా, టీ నీళ్ళున్నాయేటి?" అంటూ వంటింట్లోకి దూసుకుపోయే మనిషి.

"రా దాలమ్మత్తా. నువ్వైనా చెప్పు వాళ్ళకి. నీ మాటయితే వింటారు" అన్నాడు సీతారామరావు, ఇదే అదనని.

"నా మాటా? నా మాట వినడం కాదు నాయనా, నాతో మాటాడితేనే సాలు." అందావిడ. "నన్నేటి సేసీసేవో నీకు తెలుసా?"

"నేనేం చేశాను?"

"కుళాయి కాడికి ఎల్తే అందరూ బిందెలు తీసేసి పక్కకి తప్పుకుంతన్నారు. మా కోడలు నాకు వేరే వండుతున్నాది, ఎండుచేప నోట ఎట్టి నాలుగు రోజులయింది. మేస్త్రీ ఇటుకలు ఎత్తనివ్వడు. 'మాయీ, ఆప్ ఘర్ జాయియే', తల్లీ ఇంటికెల్లిపో అని దణ్ణం. పని నేకపోతే కూడెవులెడతారు, అమ్మోరెడతాదేటి? ఏటా ఉన్నదే నాయనా ఈ దణ్ణాలు. కాని నదికాడ ఘటం దింపీసినాక ఎవులూ పెట్టరు. ఇప్పుడేటో, ఆ గుడ్డ మీద నా మొకం సూసిన కాణ్ణించి ఎవులికీ నేను దాలమ్మలా అవుపించడంనేదు. మరి బంగారమ్మ..."

అక్కడ ఆగి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. బంగారమ్మ పక్కింటావిడ. మురిక్కాలవ గురించి ఆ ఇద్దరికీ యుద్ధం జరగని రోజు లేదు.

"బంగారమ్మ ఏమంది?"

"ఏటీ అన్లేదు నాయనా! నిన్న నేను కావాలనే సెత్త ఆల గుమ్మం ముందు పోసేను. దణ్ణం ఎట్టి, ఎత్తుకెళ్ళిపోయింది. బంగారమ్మ! నాకు దణ్ణం ఎట్టింది!" కళ్ళనీళ్ళు జలజలా రాలాయి. "నన్ను ఎక్కించేసేవు. దింపలేదు. దింపు నాయనా."

అతనికి జాలేసింది. జాలేసినందుకు మళ్ళీ ఒళ్ళు మండింది. తను తీసిన గొప్ప షాటు చివరికి ఒక ముసలావిడకి ఎండుచేప లేకుండా చేసిందా!

"అనుపు కూడా తీశానత్తా" అన్నాడు నీరసంగా. "బాగుండదని కోసేశాను. అతికిస్తాలే."

మనసులో లెక్క మాత్రం వేరే. అతికిస్తాడు, శనివారం చూపిస్తాడు, డబ్బా చేతికి రాగానే రైల్లో కూర్చుని ఆ తోక కత్తిరించి పారేస్తాడు. వాళ్ళూ శాంతిస్తారు, తన సినిమా తనకుంటుంది. కత్తిరించడానికెంత సేపు!

అతికించడానికి ముక్కలుండాలిగా? అక్కడే వచ్చింది అసలు తంటా. పనికిరాదని పారేసిన ఆ ఫిల్ముని క్లాసులో కుర్రాళ్ళకి కత్తిరించడం, అతికించడం నేర్చుకోమని పంచేశాడు. వాళ్ళు ఎంత శ్రద్ధగల విద్యార్థులంటే జానెడు ముక్క ఎక్కడా మిగల్చలేదు. గురువారమంతా సైకిలు మీద ఇళ్ళిళ్ళూ తిరిగాడు. ఒకడి ముక్క దేవుడి పటం వెనకాల ఉంది. ఇంకొకడి చెల్లెలు దాన్ని జడకి రిబ్బనులా కట్టుకుంది. మరొకడు సైకిలు చక్రం ఊచలకి చుట్టాడు, ఎండలో మెరుస్తుందని. బలరామ్ అని టెల్కో లారీల ఫ్యాక్టరీలో అప్రెంటిస్, బరంపురం వైపు తెలుగువాళ్ళబ్బాయి, తన దగ్గరున్న ముక్కలన్నీ కలిపి అతికించాడు, కాని సగం తలకిందులు, సగం వెనక్కి.

"ఇదేం పనిరా బలరామ్? ఇలాగేనా నేర్పాను?"

"సర్, ఆప్ హీ నే తో కహా థా, బేకార్ హై" అన్నాడు వాడు అమాయకంగా. తెలుగులో అడిగినదానికి ఏనాడూ తెలుగులో జవాబు చెప్పడు. పనికిరాదని మీరే కదా అన్నారు! నిజమే, తనే అన్నాడు. ఎవరిని తిట్టాలో తెలియక చైనుకి మట్టి అంటిందని సైకిల్ని తిట్టాడు.

చెక్కుచెదరకుండా దొరికింది ఒక్క చివరి షాటే. అది అతని బీరువాలోనే వేరే డబ్బాలో భద్రంగా ఉంది. ప్రతి బ్యాచికీ మొదటి పాఠం దాంతోనే. "సినిమా ఎలా తియ్యకూడదో చూడండి" అని వేస్తాడు. నదిలో ఘటం దింపాక దాలమ్మ ముఖం కడుక్కుని, ఒడ్డున రాయి మీద కూలబడి, చుట్ట వెలిగించి, నిప్పున్న వైపు నోట్లో పెట్టుకుంటుంది. అడ్డపొగ. ఒక గుక్క పీల్చి, చుట్ట తీసి, నేరుగా కెమెరా కేసి చూసి ఏదో అంటుంది. "మనిషి కెమెరా కేసి చూసిందంటే సినిమా చచ్చిందన్నమాట" అని చెప్పి లైటు వేసేవాడు.

శనివారం మళ్ళీ దుప్పటి కట్టారు. అసిరయ్య దగ్గరుండి డబ్బా మూత తీయించి, అనుపు ముక్కలు రీలు కొసకి అతికించనిచ్చాడు. బస్తీ బస్తీ అంతా వచ్చి కూర్చుంది. దాలమ్మ చుట్టూ మాత్రం మంచం పట్టేంత చోటు వదిలేశారు, తగిలితే ఏమవుతుందోనని. సినిమా నడిచింది. ముఖం వచ్చింది, అందరూ చేతులు జోడించారు. తరవాత ముక్కలు మొదలయ్యాయి.

ఆ ముక్కలకి శబ్దం లేదు. టేపు రికార్డరులో ఉన్నది ముఖం దాకానే. ప్రొజెక్టరు చప్పుడు తప్ప ఏమీ లేకుండా, మూగ ఊరేగింపు సందు మొదట్లో కనబడి, గెంతి టీకొట్టు దగ్గర తేలింది. సీతారామరావు పళ్ళు నూరుకున్నాడు. సరిగ్గా అప్పుడే మూల నుంచి డప్పు మోగింది. అనుపుకి డప్పు లేకపోతే ఎలాగని వాయించేవాళ్ళు తెచ్చుకునే వచ్చారు. ఒకటికి రెండు, రెండుకి నాలుగు. బలరామ్ అతికించిన ముక్క వచ్చేసరికి ఊరేగింపు మొత్తం నాలుగడుగులు వెనక్కి నడిచింది. చచ్చాం, ఇంక కొడతారు అనుకున్నాడు.

"ఓలమ్మ, అమ్మోరికి మనల్ని ఇడిసి ఎల్లబుద్ధి కావట్లేదే!" అంది ఒక ముసలమ్మ, కళ్ళొత్తుకుంటూ.

నది కనబడింది. అంతే, టప్పుమని రీలు తెగింది. దుప్పటి తెల్లబడింది. అమ్మవారు ఒడ్డుకీ నీళ్ళకీ మధ్య నిలబడిపోయింది. సీతారామరావు టార్చి పళ్ళతో పట్టుకుని, తెగిన కొసలు వెతుక్కుని, టేపు అంటిస్తుంటే చెమట కళ్ళల్లో పడుతోంది. డప్పులు మాత్రం ఆగలేదు. ఒక్కళ్ళు కూడా లేవలేదు. అతను అతికించి మళ్ళీ మీట నొక్కే దాకా వాయిస్తూనే ఉన్నారు.

ఘటం నీళ్ళలోకి దిగింది. డప్పులు ఆగాయి. జనమంతా ఒక్కసారి ఊపిరి వదిలారు.

ఆ నిశ్శబ్దంలో దుప్పటి మీద దాలమ్మ ముఖం కడుక్కుంది, కూలబడింది, చుట్ట అడ్డంగా తిప్పి నోట్లో పెట్టుకుంది. జనం కేసి చూసింది. పెదాలు కదిలాయి. మాట లేదు.

"ఏటంతన్నాదే అది?" అంది ఎవరో ఉండబట్టలేక. బంగారమ్మే.

దాలమ్మ దిగ్గున లేచి నిలబడింది. "ఏటంతానా? 'ఎందుకురా అలా గుడ్లప్పగించి సూత్తన్నావు, మీ అమ్మ సుట్ట కాల్చదేటి?' అన్నాను ఈ సీతారాముణ్ణి!"

జనం గొల్లుమన్నారు. నవ్వు ఒక మూల మొదలై ఇంకో మూలకి పోయి మళ్ళీ తిరిగొచ్చింది. గౌరీదేవి అందరికంటే గట్టిగా నవ్వి, కొడుకు చూస్తున్నాడని కొంగు అడ్డం పెట్టుకుంది. ఎందుకంటే ఆవిడా కాలుస్తుంది.

"సాల్లే, నోరు మూసుకుని కూకో ముండా! బొమ్మ అడ్డం!" అని కేకేసింది బంగారమ్మ.

"నా నోరు సంగతి నీకెందుకే! ముందు నీ కాలవ కడుక్కో!" అంది దాలమ్మ. ఆ మాట అంటుంటే ఆవిడ గొంతులో పొంగిన సంతోషం ఇంతా అంతా కాదు. కూర్చునేసరికి చుట్టూ ఉన్న చోటంతా పిల్లలతో నిండిపోయింది.

అసిరయ్య డబ్బా తెచ్చి, తన తువ్వాలుతో తుడిచి, అతని చేతికిచ్చాడు. "ఇప్పుడు తీసుకెల్లు బాబూ. ఇంక ఇది వొట్టి డబ్బాయే."

ఆదివారం పొద్దున్నే రిక్షాలో స్టేషనుకి బయల్దేరితే కుళాయి దగ్గర దారి బందు. దాలమ్మా బంగారమ్మా ఒకే కుళాయి కింద రెండు బిందెలు దూర్చి, జుట్టూ జుట్టూ పట్టుకోవడమొక్కటే తక్కువగా దెబ్బలాడుకుంటున్నారు. రిక్షావాడు గంట కొడితే వాడినీ కలిపి తిట్టారు. "అత్తా, నా రైలు పోతుంది!" అని మొత్తుకున్నాడు సీతారామరావు. "పోతే పోనీ, నా వంతు ముందు!" అంది దాలమ్మ, అటు తిరగనైనా తిరక్కుండా. ఇంక రైలు తప్పినట్టే అనుకున్నాడు.

తప్పలేదు. సంచిలో కత్తెరా, టేపూ ఉన్నాయి. ఘాట్‌శిలా దాటాక తీశాడు. పక్కాయన టీ తాగుతున్నాడు, మీద పడుతుందేమోనని లోపల పెట్టాడు. ఖరగ్‌పూర్‌లో మళ్ళీ తీశాడు. రైలు కుదుపుతోంది, ఈ కుదుపులో కోస్తే ఫిల్ము పాడవుతుందని మళ్ళీ పెట్టాడు. రైలు అప్పటికి ప్లాట్‌ఫారం మీద ఆగే ఉంది.

సోమవారం కలకత్తాలో చిన్న చీకటి గదిలో సినిమా చూశాడు ఆ సంస్థ పెద్దమనిషి. లైటు వేసి, కళ్ళజోడు తుడుచుకుని, చెయ్యి కలిపాడు. "అద్భుతం మిస్టర్ రావ్! ఆ ముఖం! ఆ ముఖం దాకా నేను ఊపిరి తీసుకోలేదు. తీసుకుంటున్నాం, కాపీలు మేమే వేయిస్తాం. కాని ఆ తరవాతి చింకిముక్కలెందుకు? పైగా ఆవిడ చివర్లో కెమెరా కేసి చూసేసింది. అవి తీసేద్దాం. శిఖరం మీద ఆపాలి."

అచ్చంగా తన మాటలే, అక్షరం పొల్లుపోకుండా. ఇన్నేళ్ళు కుర్రాళ్ళకి చెబుతూ ఎంత గొప్పగా వినిపించిందో, ఇవాళ అంత చిరాకేసింది. పెద్దమనిషి సొరుగులోంచి కత్తెర తీసి బల్ల మీద పెట్టాడు కూడా.

సీతారామరావు రీలు డబ్బాలో పెట్టి మూత నొక్కాడు. మూత అంచులో ఇరుక్కున్న పసుపు వేళ్ళకి అంటింది.

"తియ్యడానికి వీల్లేదండీ" అన్నాడు.

"ఏం? ఎందుకని?"

"అక్కడ ఆపితే ఆవిడకి కుళాయి దగ్గర నీళ్ళు పట్టుకోవడం కుదరదండీ."

పెద్దమనిషి అతని కేసి వింతగా చూశాడు. అర్థమయ్యేలా చెప్పాలంటే మొదట్నుంచీ చెప్పాలి, చెప్పినా వీడికి అర్థమై ఏడుస్తుందా! సీతారామరావు డబ్బా చంకన పెట్టుకుని, మెట్లు దిగి, హౌరా స్టేషనుకి వెళ్ళే ట్రామెక్కాడు.